కుక్ అడగాల్సిన సమ్మతి

జనవరి వచ్చిందంటే ఆస్ట్రేలియాలో బ్రిటిష్ నావికుడు కెప్టెన్ జేమ్స్ కుక్ విగ్రహాల చుట్టూ గొడవ మొదలవుతుంది. 2024లో ఆస్ట్రేలియా డేకి (జనవరి 26) ముందురోజు, మెల్‌బోర్న్‌ సెయింట్ కిల్డాలో 1914 నాటి ఆయన కంచు విగ్రహాన్ని చీలమండల దగ్గర కోసి కింద పడేశారు. నిజానికి జనవరి 26కీ కుక్‌కీ సంబంధం లేదు. 1788లో ఆ రోజు సిడ్నీలో బ్రిటిష్ జెండా పాతింది అక్కడి తొలి వలస గవర్నర్ ఆర్థర్ ఫిలిప్. కుక్ అంతకు ముందే, 1779లో హవాయిలో చనిపోయాడు. మరి కోపం ఆయన మీదే ఎందుకు?

బొగ్గు ఓడల్లో పని, కెనడా మ్యాపులు, తాహితీలో శుక్రగ్రహ పరిశీలన అందరికీ తెలిసినవే. అసలు చూడాల్సింది 1768 జులైలో అడ్మిరాల్టీ (బ్రిటిష్ నౌకాదళ యంత్రాంగం) ఆయన చేతికిచ్చిన రహస్య ఆదేశం. అప్పటికి ఆయన హోదా లెఫ్టినెంటే. జనం ఉన్న చోట వాళ్ల సమ్మతితోనే రాజు పేర నేలను తీసుకోవాలి, మనుషుల్లేని నేలైతే గుర్తులు పాతి సొంతం చేసుకోవచ్చు అని అందులో ఉంది.

1770 ఏప్రిల్ 29న ఇప్పటి సిడ్నీ దగ్గరి బోటనీ బేలో, అక్కడి ఆదివాసీ తెగ గ్వీగల్‌కు చెందిన ఇద్దరు మనుషులు ఈటెలతో ఒడ్డున అడ్డు నిలబడ్డారు. కుక్ తుపాకి పేల్చాడు. గుళ్లు తగిలిన మనిషి వెళ్లి డాలు తెచ్చుకుని మళ్లీ నిలబడ్డాడు. ఆ తర్వాత కుక్ మనుషులు గుడిసెలో దాక్కున్న పిల్లల దగ్గర పూసల దండలు పెట్టి, దాదాపు నలభై ఈటెలు పట్టుకుపోయారు. మర్నాడు వచ్చి చూస్తే పూసలు అక్కడే పడి ఉన్నాయి. వీళ్లకు కావాల్సిందల్లా మేం వెళ్లిపోవడమే అన్నట్టుంది అని కుక్ తన డైరీలోనే రాసుకున్నాడు.

ఇంతకంటే స్పష్టంగా 'వద్దు' అని ఎలా చెబుతారు? అయినా ఆగస్టు 22న ఆస్ట్రేలియా ఉత్తర కొసన టోరెస్ జలసంధిలోని ఒక దీవిలో జెండా ఎగరేసి, తూర్పు తీరమంతా మూడో జార్జి రాజుదని ప్రకటించాడు. మూడుసార్లు తుపాకులు పేలాయి, ఓడ నుంచి మూడుసార్లు బదులు వచ్చింది. అక్కడి జనాన్ని ఎవరూ అడగలేదు.

ఆయన గొప్ప నావికుడని, ఆ జనం యూరోపియన్ల కంటే సుఖంగా ఉన్నారని రాసినవాడని, నాటి మనిషిని నేటి కొలతతో కొలవకూడదని అభిమానులు అంటారు. కానీ సమ్మతి అన్న షరతు నేటిది కాదు, ఆయన ఓడలో ఉన్న కాగితంలోదే.

బ్రిటిష్ వాళ్లు వచ్చేనాటికి ఆ నేల ఎవరిదీ కాదన్న వాదనను ఆస్ట్రేలియా హైకోర్టు 1992లో మాబో తీర్పుతో కొట్టేసింది. బోటనీ బేలో ఆ రోజు పట్టుకుపోయిన ఈటెల్లో మిగిలినవి నాలుగే. కేంబ్రిడ్జ్ ట్రినిటీ కాలేజీ వాటిని 2024 ఏప్రిల్‌లో గ్వీగల్ వారసులకు తిరిగిచ్చింది.