మూకీకి గొంతు పోసిన పాట

2012లో టొరంటో చిత్రోత్సవం వాళ్లు ఇనుయిట్ (ఉత్తర ధ్రువ ప్రాంతపు ఆదివాసులు) గాయని తాన్యా తగాక్‌కి ఒక పని అప్పగించారు. 1922 నాటి మూకీ ‘నానూక్ ఆఫ్ ది నార్త్’ తెర మీద నడుస్తుంటే, అక్కడే నిలబడి పాడాలి. రొప్పులు, మూలుగులు, గొంతు లోపలి గురగురలు, ఉన్నట్టుండి ఒక కేక. ఆమె పాటలో మాటలు తక్కువ, కోపం ఎక్కువ. ఆ కోపం ఎక్కడిదో తెలియాలంటే కొంచెం వెనక్కి వెళ్లాలి.

సినిమా తీసింది రాబర్ట్ ఫ్లాహర్టీ. డబ్బు పెట్టింది బొచ్చుతోళ్లు అమ్ముకునే ఒక ఫ్రెంచి కంపెనీ. తీసిన చోటు కెనడాలో హడ్సన్ అఖాతం ఒడ్డున ఉన్న ఇనుయిట్ల ఊరు ఇనుక్‌జువాక్. డాక్యుమెంటరీలకు మొదటి మెట్టని చెప్పే ఈ చిత్రంలో నాటకమే ఎక్కువ. నానూక్‌గా కనిపించే హీరో అసలు పేరు అల్లకరియల్లక్. భార్య వేషం వేసినామె అతని భార్య కాదు. తుపాకులు వాడే మనుషుల చేత పాతకాలపు ఈటెలు పట్టించారు. గ్రామఫోన్ సీను మరీ చివుక్కుమనిపిస్తుంది. అదేమిటో తెలియనివాడిలా అతను రికార్డును పళ్లతో కొరుకుతాడు. చూసినవాళ్లు నవ్వుకున్నారు.

ఇక పాట సంగతి. కటాజ్జాక్ అనే ఈ గొంతుపాట నిజానికి ఆడవాళ్ల ఆట. ఇద్దరు ఎదురెదురుగా, చేతులు పట్టుకుని నిలబడతారు. ఊపిరి తీసేటప్పుడూ వదిలేటప్పుడూ శబ్దం చేస్తారు. గాలి, నది, బాతులు, కుక్కపిల్లలు, అన్నీ ఆ గొంతుల్లో పలుకుతాయి. ముందు నవ్వినా, ఊపిరి అందక ఆగినా ఓడినట్టే. క్రైస్తవ మిషనరీలు దీన్ని తప్పన్నారు, చాలాచోట్ల మాన్పించారు. అందుకే 1975లో కేంబ్రిడ్జ్ బేలో పుట్టిన తగాక్ చిన్నప్పుడు ఈ పాట నేర్చుకోలేదు. హాలిఫాక్స్‌లో ఆర్ట్ కాలేజీలో ఉండగా అమ్మ పంపిన టేపులు విని, తనంతట తాను సాధన చేసింది. జోడీ దొరకలేదు కాబట్టి అవతలి గొంతు కూడా తనే అయింది. ఒంటరిగా పాడే ఆ పద్ధతికే తర్వాత పేరొచ్చింది. 2014లో ‘యానిమిజం’ ఆల్బమ్‌కు కెనడాలో ఏటా ఉత్తమ ఆల్బమ్‌కు ఇచ్చే పొలారిస్ బహుమతి దక్కింది.

సినిమా, పాట తర్వాత ఈ కథలో మూడో ముడి అన్నిటికన్నా బరువైంది. 1953లో, మళ్లీ 1955లో కెనడా ప్రభుత్వం ఇనుక్‌జువాక్ కుటుంబాలను దాదాపు 2000 కిలోమీటర్ల ఉత్తరాన, నెలల తరబడి చీకటిలో ఉండే రెజొల్యూట్, గ్రీస్ ఫియర్డ్‌లకు తరలించింది. అక్కడ వేట బాగుంటుందని, కావాలంటే తిరిగి రావచ్చని నమ్మబలికింది. ఆ మాట నిలబెట్టుకోలేదు. అక్కడి చలికి వాళ్లను అలవాటు చేయడానికి అప్పటికే ఉత్తరాన ఉన్న పాండ్ ఇన్‌లెట్ అనే ఊరి నుంచి కూడా కొన్ని కుటుంబాలను తెచ్చారు. తగాక్ తల్లి ఆ కుటుంబాల పిల్లే. గ్రీస్ ఫియర్డ్ చేరినవాళ్లలో జోసెఫీ ఫ్లాహర్టీ ఒకడు. సినిమా తీసిన ఫ్లాహర్టీకి ఇనుక్‌జువాక్ స్త్రీ వల్ల పుట్టిన కొడుకు. తండ్రి అతన్ని ఎప్పుడూ చూడలేదు. ప్రభుత్వం క్షమాపణ చెప్పింది 2010లో.

ఆ తర్వాత రెండేళ్లకే తగాక్ ఆ సినిమా ముందు నిలబడింది. 2022లో చెల్సీ మెక్‌ముల్లన్‌తో కలిసి ‘ఎవర్ డెడ్‌లీ’ అనే డాక్యుమెంటరీకి దర్శకత్వం వహించింది. తల్లివాళ్ల తరలింపు కథ అందులో ఉంది. ఈసారి కెమెరా ఎటు తిప్పాలో చెప్పేవాళ్లలో ఆమె కూడా ఉంది.