అంత పాత ఏవీకోడెక్ అక్కడెందుకుంది?

వీడియో, ఆడియో ఫైళ్లను విప్పి ఆడించే ఉచిత సాఫ్ట్‌వేర్ ఎఫ్ఎఫ్ఎంపెగ్ (ఆ విప్పే పని చేసే దాని ఫైలే ఏవీకోడెక్) గొడవ మళ్లీ రాజుకుంది. బగ్ కనిపెట్టిన గూగుల్ లాంటివాళ్లు దాన్ని సరిచేసే ప్యాచ్ కూడా పంపాలా, ఉందని చెప్పి ఊరుకుంటే సరిపోతుందా అన్నదే తగవు. 2000లో ఫాబ్రిస్ బెల్లార్ ఎఫ్ఎఫ్ఎంపెగ్‌ను మొదలుపెట్టడం, క్రోమ్ నుంచి వీఎల్‌సీ దాకా వీడియో ఆడించే దాదాపు ప్రతిదాంట్లో ఇది దూరిపోవడం అందరికీ తెలిసిన కథే, వదిలేద్దాం. ఇవాళ్టి తగవు అర్థం కావాలంటే 2021 ఏప్రిల్‌కి వెళ్లాలని నాకనిపిస్తుంది.

దానికి నాలుగు నెలల ముందు, అంటే 2020 డిసెంబరులో, సెల్లెబ్రైట్ కంపెనీ సిగ్నల్ యాప్ డేటాను కూడా తమ టూల్ చదవగలదని ప్రకటించింది. పోలీసులు స్వాధీనం చేసుకున్న ఫోన్లలోని సమాచారాన్ని బయటికి తీసే టూల్స్ అమ్మే కంపెనీ అది. సిగ్నల్ సృష్టికర్త మాక్సీ మార్లిన్‌స్పైక్ ఊరుకోలేదు. ఆ టూల్‌నే సంపాదించి, విప్పి చూశాడు. లోపల ఎఫ్ఎఫ్ఎంపెగ్ డీఎల్ఎల్ ఫైళ్లు, అంటే విండోస్ ప్రోగ్రాములు వాడుకునే కోడ్ ఫైళ్లు, కనిపించాయి. అవి 2012లో బిల్డ్ చేసినవి. తర్వాత ఎఫ్ఎఫ్ఎంపెగ్‌కి వందకు పైగా సెక్యూరిటీ అప్‌డేట్లు వచ్చాయి, అక్కడ ఒక్కటీ వేయలేదు.

మామూలు వీడియో ప్లేయర్‌లో ఇది బద్ధకం అనుకుని సరిపెట్టుకోవచ్చు. ఫోరెన్సిక్ టూల్‌లో అలా కుదరదు, ఎందుకంటే అది తెరిచే ప్రతి ఫైలూ నిందితుడి ఫోన్‌లోంచో, ఎవరిదో తెలియని సీసీటీవీ రికార్డర్‌లోంచో వచ్చినదే. వీడియోను విప్పే డీకోడర్ చాలావరకు సీ భాషలో రాసినది. ఫైలు తన పొడవెంతో, ఫ్రేమ్ ఎంతో తానే చెబుతుంది. ఆ అంకెలు అబద్ధమైతే మెమరీలో హద్దు దాటి రాసే ప్రమాదం ఉంటుంది. ఏదో యాప్‌లో ఒక ప్రత్యేకమైన ఫైలు పడి ఉంటే చాలు, స్కాన్ చేయగానే టూల్ దాని చేతుల్లోకి వెళ్లిపోతుందని, పాత రిపోర్టులు కూడా జాడ తెలియకుండా మారిపోవచ్చని మార్లిన్‌స్పైక్ అన్నాడు. ఆ దారి ఎఫ్ఎఫ్ఎంపెగ్‌దేనని మాత్రం ఆయన చెప్పలేదు. ఇంటివాళ్లు ఇల్లు ఎలా ఉంచుకున్నారో చూడండన్నట్టు ఆ డీఎల్ఎల్‌లను చూపించాడు, అంతే. సాఫ్ట్‌వేర్‌ను ఎప్పటికప్పుడు పరీక్షించి అప్‌డేట్ చేస్తూనే ఉంటామని సెల్లెబ్రైట్ జవాబిచ్చింది.

ల్యాబుల వాదన కూడా ఒకటుంది. ఒకసారి పరీక్షించి ఖరారు చేసుకున్న టూల్‌ని మారిస్తే రేపు కోర్టులో అదే వీడియో నుంచి అవే ఫ్రేములు వస్తాయా అని. నిజమే, డీకోడర్ మారితే ఫలితం మారొచ్చు. కానీ వాడిన వెర్షన్‌ను రిపోర్టులో రాసుకుని, కొత్తదాన్ని మళ్లీ పరీక్షించుకోవడానికి తొమ్మిదేళ్లు పట్టదు.

మరమ్మతులు దొరక్కపోవడం వల్లే ఆగారా అంటే, అదీ కనిపించదు. 2011 మార్చిలో ఎఫ్ఎఫ్ఎంపెగ్ రాసేవాళ్లు రెండుగా చీలి, అదే కోడ్‌తో లిబ్‌ఏవీ అనే పోటీ ప్రాజెక్టు పుట్టింది. లినక్స్ రకాలైన డెబియన్, ఉబుంటు రెండూ లిబ్‌ఏవీ వైపు వెళ్లాయి. 2012లో ఎవరిది అసలు, ఎవరిది కొసరు అన్న అయోమయం ఉన్నమాట నిజం. ఆ సమయంలోనే గూగుల్ ఇంజనీర్లు ఇద్దరు పాడైన ఫైళ్లను వేలకు వేలు డీకోడర్ మీదికి వదిలి పరీక్షిస్తూ వచ్చారు. 2014 జనవరిలో వాళ్లు లెక్క చెప్పేసరికి ఎఫ్ఎఫ్ఎంపెగ్‌లో వెయ్యికి పైగా సవరణలు పడ్డాయి, లిబ్‌ఏవీలో అందులో సగం కూడా లేవు. అంటే గూగుల్ వెతకడం, ఎఫ్ఎఫ్ఎంపెగ్ డెవలపర్ మైఖేల్ నీడర్‌మేయర్ లాంటివాళ్లు కూర్చుని సరిచేయడం అప్పటినుంచీ ఉన్నదే. 2015లో డెబియన్ కూడా ఎఫ్ఎఫ్ఎంపెగ్‌కే తిరిగొచ్చింది. సవరణలన్నీ ఉచితంగా, అందరి కళ్లముందే ఉన్నాయి. తీసుకెళ్లి పెట్టుకోవాల్సినవాళ్లే రాలేదు.

2025లో వెతికే పని ఏఐకి అప్పగించారు. బగ్గులు వెతికే గూగుల్ ఏఐ బిగ్ స్లీప్ పట్టుకున్నవాటిలో ఒకటి 1995 నాటి లూకాస్‌ఆర్ట్స్ గేమ్ వీడియోలు ఆడించే డీకోడర్‌లోది. అదే ఏడాది జులైలో, సాఫ్ట్‌వేర్ లోపాలు వెతికే గూగుల్ బృందం ప్రాజెక్ట్ జీరో రూలు మార్చింది. లోపం సరిచేయడానికిచ్చే 90 రోజుల గడువు అలాగే ఉంది, కానీ ఫలానా సాఫ్ట్‌వేర్‌లో లోపం దొరికిందన్న సంగతి వారంలోనే బయటపెడతారు. ఆ లూకాస్‌ఆర్ట్స్ డీకోడర్ ఎఫ్ఎఫ్ఎంపెగ్ మామూలు బిల్డ్‌లో కూడా ఉంటుంది కాబట్టి ప్రమాదం నిజమేనన్నది గూగుల్‌ను సమర్థించేవాళ్ల మాట. వలంటీర్లు బగ్‌ని సరిచేశారు, చేస్తూనే మండిపడ్డారు. వాళ్ల కోపానికి ముందు కథ ఉంది. 2024లో మైక్రోసాఫ్ట్ వాళ్లు తమ టీమ్స్ సమస్యను అర్జెంటుగా చూడమని అడిగారని, సపోర్ట్ కాంట్రాక్టు మాట ఎత్తితే ఒక్కసారికి కొన్ని వేల డాలర్లిస్తామన్నారని ఎఫ్ఎఫ్ఎంపెగ్ బహిరంగంగానే చెప్పుకుంది. 2025లోనే లిబ్‌ఎక్స్ఎంఎల్2ను (ఎక్స్ఎంఎల్ ఫైళ్లు చదివే ఉచిత లైబ్రరీని) చూసుకునే వలంటీర్ కూడా ఈ సెక్యూరిటీ రిపోర్టుల టెన్షన్ మోయలేనని ముందే చెప్పి, తర్వాత తప్పుకున్నాడు.

ఇంత రగడలోనూ ఆ లైబ్రరీలను ఉత్పత్తుల్లో పెట్టి అమ్ముకునేవాళ్ల గొంతు పెద్దగా వినబడదు. ఏవీకోడెక్ ఫైలు పేరు చివర, వెర్షన్‌ను బట్టి మారే ఒక నంబరు ఉంటుంది. 2012 విడుదలల్లో అది 53 లేదా 54. సెల్లెబ్రైట్ ఫోల్డర్ బయటపడ్డ 2021 ఏప్రిల్‌కి 58. 2025 ఆగస్టులో వచ్చిన 8.0తో 62. ల్యాబులో ఉన్న టూల్ ఇన్‌స్టాల్ ఫోల్డర్ తెరిస్తే ఆ నంబరు చాలాసార్లు అక్కడే కనిపిస్తుంది.