లైసెన్సు కోసం పదేళ్లు ఆగిన మాచునూర్ సంఘం రేడియో

కమ్యూనిటీ రేడియోలు, అంటే లాభాపేక్ష లేకుండా స్థానికుల కోసం నడిచే చిన్న రేడియోలు, సొంతంగా వార్తలు ఎందుకు చెప్పకూడదు, వాటి ఖర్చులు ఎలా వెళ్లాలి అన్న చర్చ మళ్లీ మళ్లీ వస్తూనే ఉంది. ఆ చర్చ మూలాలు తెలియాలంటే జహీరాబాద్‌ దగ్గరున్న మాచునూర్‌కు వెళ్లాలి. అక్కడి సంఘం రేడియో 2008 అక్టోబర్ 15న 90.4 మెగాహెర్ట్జ్‌ మీద ప్రసారాలు మొదలుపెట్టింది. దేశంలో ఒక స్వచ్ఛంద సంస్థకు లైసెన్సు వచ్చి నడిచిన తొలి కమ్యూనిటీ రేడియో ఇదే. స్టూడియో మాత్రం అంతకు పదేళ్ల ముందే తయారైంది.

ఆ స్వచ్ఛంద సంస్థ పేరు డెక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ, 1983 నుంచి ఆ ప్రాంతంలో పనిచేస్తోంది. ఊరూరా సంఘాలు పెట్టుకున్న ఆడవాళ్లలో ఎక్కువమంది దళితులు, ఎకరమో రెండెకరాలో మెట్ట భూమి ఉన్నవాళ్లు. ఎర్ర నేలలో జొన్న, సజ్జ, కొర్ర, సామ, కంది, పెసర అన్నీ కలిపి చల్లుకునే సేద్యం వాళ్లది. ఎనభైల్లో రెండు రూపాయల కిలో బియ్యం పథకం వచ్చింది. అది పేదల కడుపు నింపిన మాట నిజమే. కానీ జొన్న పండించి జొన్నే తినే చోట ఆ పంట మీద మోజు తగ్గింది, పొలాలు బీళ్లు పడ్డాయి. అప్పటి రేడియో పెట్టి వింటే వరి, హైబ్రిడ్ విత్తనం, ఎరువు మోతాదు గురించే. వానను నమ్ముకుని ఒకే చేనులో పదిహేను ఇరవై రకాలు వేసే మనిషికి అందులో పనికొచ్చేది తక్కువ.

అలాంటి ఆడవాళ్లకు తెలిసినది చిన్న విషయమేమీ కాదు. ఏ విత్తనం ఏ కార్తెలో పడాలో తెలుసు. విత్తనాల్లో బూడిద, వేపాకు కలిపి బుట్టలో పోసి, మూత మీద మట్టి అలికి, మరుసటి ఏడుకు పురుగు పట్టకుండా దాచడం తెలుసు. నీరు కట్టకుండా మంచుకే పండే యాసంగి పంటలను వాళ్లు సత్యం పంటలంటారు. ఇదంతా నోటి మాటగానే ఉంది, పుస్తకాల్లో లేదు. దాన్ని పట్టుకోవడానికి రేడియోకు మించిన సాధనం లేదని వాళ్లు అనుకోవడం సహజం. సొసైటీని నడిపించిన పి.వి. సతీష్ అంతకుముందు దూరదర్శన్‌లో ప్రొడ్యూసర్‌గా పనిచేసినవారు. యునెస్కో సాయంతో 1998 నాటికి మాచునూర్‌లో స్టూడియో సిద్ధమైంది. లైసెన్సు ఒక్కటే లేదు.

ఊళ్లో రేడియో పెట్టుకోవచ్చన్న ఆశకు ఒక క్రికెట్ గొడవ బలమిచ్చింది. 1993లో హీరో కప్ క్రికెట్ పోటీల ప్రసార హక్కులను బెంగాల్ క్రికెట్ సంఘం విదేశీ కంపెనీకి ఇచ్చింది. దూరదర్శన్, కేంద్ర ప్రభుత్వం అడ్డుపడ్డాయి. కేసు సుప్రీంకోర్టుకు వెళ్లింది. 1995 ఫిబ్రవరిలో జస్టిస్ పి.బి. సావంత్, జస్టిస్ ఎస్. మోహన్ ఇచ్చిన తీర్పు ప్రసార తరంగాలు ప్రజల ఆస్తి అని తేల్చింది. మన తెలుగు న్యాయమూర్తి జస్టిస్ బి.పి. జీవన్‌రెడ్డి విడిగా తీర్పు రాసి ఆ మాటతో ఏకీభవించారు.

తీర్పు వచ్చింది కానీ చట్టం 1885 నాటి టెలిగ్రాఫ్ చట్టమే. లైసెన్సు లేకుండా ట్రాన్స్‌మిటర్ ఆన్ చేస్తే నేరం. కాబట్టి మాచునూర్‌లో రికార్డింగ్ అయితే సాగింది, ప్రసారం లేదు. క్యాసెట్లు తీసుకెళ్లి సంఘాల సమావేశాల్లో వినిపించేవారు. సంఘం ఆడవాళ్లు జనరల్ నర్సమ్మ, ఆల్గోల్ నర్సమ్మ మైకు పట్టడం, ఇంటర్వ్యూ చేయడం, ఎడిటింగ్ అలా నేర్చుకున్నారు. ఆ రేడియో నిజంగా తయారైంది ఆ పదేళ్లలోనే అని నా నమ్మకం. పాటలు, సామెతలు, నాటు వైద్యం, విత్తనాల సంగతులు వాళ్ల యాసలోనే టేపులకెక్కాయి.

ఈలోగా ఢిల్లీలో ఏం జరిగిందో చూడండి. 1999లో 40 నగరాల్లో 108 ఎఫ్‌ఎం ఫ్రీక్వెన్సీలకు వేలం పిలిచారు. 2001లో బెంగళూరులో తొలి ప్రైవేటు ఎఫ్‌ఎం మోగింది. 2000 జులైలో సొసైటీ యునెస్కోతో కలిసి జరిపిన సదస్సు ప్రభుత్వ, ప్రైవేటు రేడియోల పక్కన లాభాపేక్ష లేని మూడో అంచె ఉండాలని కోరింది. 2002 డిసెంబర్‌లో ప్రభుత్వం కమ్యూనిటీ రేడియోకు ఒప్పుకుంది, అయితే విద్యాసంస్థలకు మాత్రమే. కాలేజీ కుర్రాళ్లను నమ్మారు, సంఘం ఆడవాళ్లను నమ్మలేదు. భద్రత, తీవ్రవాదం అనే భయాలు చెప్పారు. సినిమా పాటలు వేసే కంపెనీకి నగరంలో ఫ్రీక్వెన్సీ అమ్మడానికి రాని అనుమానం, కొర్రల గురించి మాట్లాడే మనిషి దగ్గరకొచ్చేసరికి వచ్చింది. ఇది అన్యాయం.

2006 నవంబర్‌లో కేబినెట్ కొత్త విధానాన్ని ఆమోదించింది. కనీసం మూడేళ్లుగా పనిచేస్తున్న స్వచ్ఛంద సంస్థలు దరఖాస్తు చేసుకోవచ్చు. ప్రసార శక్తి 100 వాట్లకు, టవర్ ఎత్తు 30 మీటర్లకు మించకూడదు. గంటకు ఐదు నిమిషాల దాకా ప్రకటనలు వేసుకోవచ్చు. వార్తలు, రాజకీయాలు మాత్రం నిషిద్ధం. సమాచార శాఖ నుంచి హోం, రక్షణ శాఖల మీదుగా తిరిగి, ఫ్రీక్వెన్సీ కోసం మళ్లీ టెలికాం శాఖకు వెళ్లాలి. విధానం వచ్చాక కూడా సంఘం రేడియోకు దాదాపు రెండేళ్లు పట్టింది. గ్రామీణ మహిళా దినోత్సవం రోజున దాన్ని ప్రారంభించింది 1995 తీర్పు రాసిన జస్టిస్ సావంతే. అదే నెలలో మధ్యప్రదేశ్‌లోని ఓర్ఛాలో రేడియో బుందేల్‌ఖండ్ మొదలైంది.

పొలం పని, వంట ముగిశాక వినేలా రాత్రి ఏడు నుంచి తొమ్మిది దాకా ప్రసారాలు పెట్టుకున్నారు. పదేళ్ల టేపులు ఉన్నాయి గనుక కార్యక్రమాలకు కరువు రాలేదు.

దేశంలో ఇప్పుడు కమ్యూనిటీ రేడియోలు ఐదు వందలు దాటాయి. 2024 ఫిబ్రవరిలో ప్రకటనల సమయాన్ని గంటకు 12 నిమిషాలు చేశారు, ప్రభుత్వ ప్రకటన రేటును పది సెకన్లకు 52 రూపాయల నుంచి 74కు పెంచారు. చిన్న ఊళ్లో డబ్బిచ్చి ప్రకటన వేయించే వ్యాపారి ఎందరుంటారు? కాబట్టి ఆ ప్రభుత్వ ప్రకటనలు రావడం, వాటి బిల్లులు సకాలంలో అందడం సమయం పెంచడం కన్నా ముఖ్యం. వార్తల మీద ఆంక్ష అలాగే ఉంది. ఆకాశవాణి వార్తలు మళ్లీ వినిపించవచ్చు కానీ, తమ మండలంలో ఉపాధి కూలీ డబ్బులు ఎందుకు ఆగాయో సొంతంగా ఆరా తీసి చెప్పే హక్కు లేదు. అదే విషయాన్ని పేపరు రాయొచ్చు, టీవీ చూపించొచ్చు, యూట్యూబ్‌లో ఎవరైనా మాట్లాడొచ్చు. మైకు పట్టి పాతికేళ్లు దాటిన ఆడవాళ్లకు మాత్రం వీల్లేదనడానికి సరైన కారణమేదీ నాకు కనిపించదు.