ఆర్ట్ డైరెక్టర్ అంటే సెట్లు వేసేవాడేనా? కొన్ని అపోహలు, వాస్తవాలు

అపోహ: స్క్రిప్టు పూర్తయ్యాకే ఆర్ట్ డైరెక్టర్‌తో పని.

"తల్లి ఆ ఉత్తరం దాచేస్తుంది" అని కాగితం మీద ఉంటుంది. ఎక్కడ దాచింది? పోపులడబ్బాలోనా, దేవుడి పటం వెనకా? ఒక్కో చోటుకి ఆమె ఒక్కో మనిషి అవుతుంది. నటి ఎటు నడవాలో, కెమెరా ఎక్కడుండాలో కూడా అక్కడే తేలుతుంది. ఈ ప్రశ్న అడిగే ఆర్ట్ డైరెక్టర్ అప్పటికే కథలో చెయ్యి పెట్టినట్టు. 'మాయాబజార్' (1957)కి కళాధర్‌తో కలిసి కళాదర్శకత్వం చేసిన మా. గోఖలే మంచి కథకుడు కూడా. ఆ సంగతి ఇంకా ఎక్కువమందికి తెలియాలి.

అపోహ: నిజమైన ఇంటి కొలతలతో కడితే సెట్ సహజంగా ఉంటుంది.

డబ్బు ఎక్కువగా వృథా అయ్యేది ఇక్కడే. సూపర్ 35 కెమెరా (సినిమాలకి మామూలుగా వాడే సైజు సెన్సర్ ఉన్నది), 35 ఎం.ఎం. లెన్స్, ఎత్తుకి 2.39 రెట్లు వెడల్పున్న ఫ్రేమ్ అనుకోండి. నిలబడ్డ మనిషి తల నుంచి పాదాల దాకా పట్టాలంటే కెమెరా దాదాపు 22 అడుగులు వెనక్కి వెళ్లాలి. 12 అడుగుల గదిలో అది కుదరదు. ఇంకా వెడల్పుగా చూసే 18 ఎం.ఎం. లెన్స్ పెడితే 11 అడుగుల్లో సరిపోతుంది గానీ, అంచుల్లో ఉన్న ముఖాలు సాగిపోతాయి. అందుకే కనీసం ఒక గోడ ఊడొచ్చేలా కట్టాలి. దాన్ని మేకులతో కాదు, బోల్టులతో బిగించాలి. మేకులు పీకితే అతుకు దగ్గర ప్లాస్టర్ పెచ్చులూడి, తిరిగి పెట్టినప్పుడు గీతలా కనిపిస్తుంది. అతుకుని స్తంభం పక్కనో, గది మూలలోనో వేస్తే కెమెరాకి దొరకదు.

ఫ్లోర్ ప్లాన్‌ను, అంటే పైనుంచి చూసినట్టుండే సెట్ నక్షాని, అడుగుకి పావు అంగుళం లెక్కన గీస్తారు. 40 అడుగుల సెట్ 10 అంగుళాల్లో ఇమిడిపోతుంది. లెన్స్ ఎంత వెడల్పు చూస్తుందో ఆ కోణాన్ని దాని మీదే గీసి చూసుకోవాలి.

అపోహ: గోడకి మసి పూస్తే పాత ఇల్లయిపోతుంది.

కాదు. మాసేది చేతులు తగిలే చోట: స్విచ్‌బోర్డు చుట్టూ, తలుపు అంచున మూడు నాలుగు అడుగుల ఎత్తులో, కుర్చీ వీపు రాసుకునే గోడ మీద. అంతటా ఒకేలా స్ప్రే కొడితే రంగు వేసినట్టే ఉంటుంది.

అపోహ: బొమ్మ బాగా వేసేవాళ్లు దర్శకులుగా సులువుగా నెగ్గుతారు.

బాపు పేరు చెప్పి ఈ మాట అంటుంటారు. ఆయన మొదటి సినిమా 'సాక్షి' 1967లో వచ్చింది. అంతకు ముందే ఏళ్ల తరబడి పత్రికలకు బొమ్మలు, కార్టూన్లు వేశారు. పక్కన రచయితగా ముళ్ళపూడి వెంకటరమణ ఉన్నారు. బొమ్మకి వ్యవధి లేదు, షాట్‌కి ఉంది. చిత్రకారులు తడబడేది సరిగ్గా అక్కడే: ప్రతి ఫ్రేమూ అందంగా ఉంటుంది, నటులకి కదిలే చోటుండదు. స్టోరీబోర్డులో, అంటే షాట్లని వరసగా గీసుకున్న బొమ్మల్లో, ప్రతి బొమ్మ పక్కనా సెకన్లు రాయండి. తర్వాత ఖాళీ హాల్లో ఫ్లోర్ ప్లాన్‌ను అసలు కొలతల్లో సుద్దతో గీసి, నటుల్ని నడిపించి, స్టాప్‌వాచ్ పట్టుకోండి. మంచానికీ తలుపుకీ మధ్య కెమెరా ట్రాలీ పట్టదన్న సంగతి ఆ సుద్దగీతల దగ్గరే బయటపడుతుంది.