రెండు షిఫ్టులు రాకముందు: న్యూయార్క్ ఫైర్‌మెన్ పనిగంటల కథ

ఫైర్ స్టేషన్‌లో షిఫ్టు డ్యూటీ ఇవాళ మామూలు విషయం. నూరేళ్ళ క్రితం న్యూయార్క్‌లో అది పోరాడి తెచ్చుకోవాల్సి వచ్చిన హక్కు.

అక్కడ 1865 దాకా మంటలార్పింది వాలంటీర్లే. ఆ ఏడాది జీతాల డిపార్ట్‌మెంట్ వచ్చింది, దాంతోపాటే ఇరవైనాలుగు గంటల డ్యూటీ కూడా. భోజనాలకు రోజుకు 3 గంటలు, నెలకు ఒక రోజు సెలవు. తర్వాత సెలవులు కాస్త పెరిగినా, 1900 దాటాక కూడా ఫైర్‌మన్ పడుకునేది స్టేషన్ మేడ మీదే. పెళ్ళాం పిల్లలు వేరే వీధిలో.

వీధిలోని అలారం పెట్టెలో ఎవరైనా మీట లాగితే స్టేషన్‌లో గంట మోగేది. రెండు దెబ్బలు, కాస్త ఆగి మూడు, మళ్ళీ ఆగి అయిదు అంటే 235వ పెట్టె. నిద్రలో ఉన్నా లెక్క తప్పకూడదు. మంచం పక్కన బూట్లలోకి దించి ఉంచిన ప్యాంటు ఎక్కించుకుని, ఇత్తడి స్తంభం పట్టుకుని కిందికి జారాలి. స్తంభం మీంచి జారే పద్ధతి షికాగోలో 1878లో మొదలైంది. మనుషులు కిందికి దిగేసరికే గుర్రాలు బండి ముందుకొచ్చి నిలబడేవి. పైకప్పు నుంచి వేలాడే తోలు పట్టీలను వాటి మీదికి దించి బిగించేవాళ్ళు. ఆవిరి పంపు బాయిలర్‌లో నీళ్ళను ఎప్పుడూ వేడిగానే ఉంచేవాళ్ళు, బయల్దేరుతూ పొయ్యి ముట్టించేవాళ్ళు.

ఇదంతా చూడ్డానికి గొప్పగా ఉంటుంది. కానీ రోజులో ఎక్కువ భాగం గుర్రాలకు మేత వేయడం, మాలీషు చేయడం, లద్దె ఎత్తడం, ఇత్తడి తోమడం, తడిసిన గొట్టాలు కుళ్ళకుండా ఆరబెట్టడం. 1911 మార్చి 25న న్యూయార్క్‌లో 146 మందిని బలిగొన్న ట్రయాంగిల్ బట్టల ఫ్యాక్టరీ అగ్నిప్రమాదం చాలామందికి తెలుసు. 8, 9, 10 అంతస్తుల్లో జనం చిక్కుకుంటే నిచ్చెనలు ఆరో అంతస్తు దాకానే అందాయి. ఆ రోజు కింద నిస్సహాయంగా నిలబడ్డ ఫైర్‌మెన్ తిరిగి వెళ్ళింది ఇంటికి కాదు, స్టేషన్‌కే. ఆ టెన్షన్ దించుకునే చోటు కూడా వాళ్ళకు లేదు. ఈ సంగతి ఎవరూ పట్టించుకోకపోవడం నాకు బాధగా అనిపిస్తుంది.

ఒకరి తర్వాత ఒకరు డ్యూటీ చేసేలా రెండు జట్లు పెట్టాలంటే ఎక్కువ మంది కావాలి, ఎక్కువ జీతాలివ్వాలి. అందుకే ఆ విషయం ఏళ్ళ తరబడి నానింది. 1918లో పలు ఊళ్ళ ఫైర్‌మెన్ యూనియన్లు కలిసి అంతర్జాతీయ సంఘంగా ఏర్పడ్డాయి. న్యూయార్క్‌లో 1920ల ఆరంభానికి రెండు జట్ల పద్ధతి వచ్చింది. 1922 డిసెంబర్ 20న బ్రూక్లిన్‌లో గుర్రపు బండి చివరిసారి పరుగెత్తింది. గుర్రాలకు పూర్తిగా విశ్రాంతి దొరికింది. మనుషులకు మాత్రం రెండు జట్లయ్యాక కూడా వారానికి సగటున 84 గంటల డ్యూటీ పడింది, మూడో జట్టు కోసం మళ్ళీ అడగాల్సి వచ్చింది.