ఆన్ వియాజెమ్‌స్కీ: షూటింగులో చూసినదాన్ని నవలగా రాసిన నటి

ఫ్రెంచి సినిమారంగంలో చిన్న వయసు నటీమణుల పట్ల దర్శకులు ప్రవర్తించిన తీరుపై 2024 నుంచి బహిరంగ చర్చ సాగుతోంది. నటి జూదిత్ గోద్రెష్ ఆ ఏడాది ఫిబ్రవరిలో ఫ్రెంచి సినిమా అవార్డులైన సెజార్ పురస్కారాల వేదిక మీద, కొద్ది రోజులకే సెనేట్ ఎదుట మాట్లాడారు. తరువాత జాతీయ అసెంబ్లీ విచారణ సంఘాన్ని నియమించగా, దాని నివేదిక 2025 ఏప్రిల్‌లో వెలువడింది. అయితే ఇది నిన్నమొన్న తలెత్తిన విషయం కాదు. నటిగా పేరు తెచ్చుకుని, ఆ తరువాత నవలాకారిణిగా స్థిరపడిన ఆన్ వియాజెమ్‌స్కీ చాలా ముందే దీన్ని తన పుస్తకాల్లో రాశారు. ఫిర్యాదులా కాకుండా, జరిగినదాన్ని దగ్గర నుంచి చూసి, అప్పట్లో తన మనసులో ఏముందో కూడా దాచకుండా రాశారు.

ఆమె 1947లో బెర్లిన్‌లో పుట్టారు. తండ్రి రష్యా విప్లవానంతరం వలస వచ్చిన ఒక రాచకుటుంబానికి చెందినవాడు. తల్లి క్లేర్, 1952లో సాహిత్యంలో నోబెల్ బహుమతి పొందిన ఫ్రాన్సువా మోరియాక్ కుమార్తె. 1962లో తండ్రి మరణించాక తాతగారి మాటే ఇంట్లో శాసనమైంది. అప్పట్లో ఫ్రాన్స్‌లో మైనారిటీ తీరడానికి 21 ఏళ్లు నిండాలి. ఆ వయోపరిమితి 1974లో గానీ తగ్గలేదు. అందుకే దర్శకుడు రోబేర్ బ్రెసోన్ తన గాడిద కథ "ఓ హసార్ బల్తజార్"లో నటించమని అడిగినప్పుడు, ఆమెకు ఎంత ఇష్టమున్నా తాతగారి అనుమతి తప్పనిసరి అయింది. ఆమెను బ్రెసోన్‌కు పరిచయం చేసిన ఫ్లోరాన్స్ దెలే కూడా అంతకుముందు ఆయన సినిమాలో జోన్ ఆఫ్ ఆర్క్‌గా నటించి, తరువాత నవలా రచయిత్రిగా ఫ్రెంచి అకాడమీ సభ్యురాలైన వ్యక్తే.

1965 వేసవిలో షూటింగు జరిగింది. ఆన్‌కు పద్దెనిమిదేళ్లు, బ్రెసోన్‌కు అరవై దాటాయి. నటన తెలియనివారినే ఎంచుకుని, భావం పలికించకుండా మాటలు చెప్పించడం, చూపు ఎటు తిప్పాలో చెయ్యి ఎక్కడ పెట్టాలో అంతా తానే నిర్ణయించడం ఆయన పద్ధతి. ఆ వేసవినే నలభై ఏళ్లు గడిచాక, 2007లో, ఆమె "జన్ ఫీయ్" అనే నవలగా రాశారు. పాత్రల పేర్లు మార్చలేదు. దర్శకుడితో ఒకే ఇంట్లో బస, ఆయన ఆమెను మిగతావారితో కలవనివ్వకపోవడం, ముద్దు కోసం ప్రయత్నిస్తే ఆమె ముఖం తిప్పుకోవడం, మర్నాడు మళ్లీ ఆయన చెప్పినట్టే కెమెరా ముందు నిలబడటం ఆ నవలలో ఉన్నాయి. ఆయన పట్ల ఆమెకున్న గౌరవం, కృతజ్ఞత కూడా అందులోనే ఉన్నాయి. ఆమె పుస్తకాల్లో నాకు అన్నిటికన్నా బలమైనదిగా తోచేది ఇదే. ఇష్టమూ ఇబ్బందీ ఒకే మనిషిలో ఒకేసారి ఎలా ఉండగలవో విచారణ నివేదికలకు అందదు, నవలకు అందుతుంది.

1966 జూన్‌లో ఆమె దర్శకుడు జాన్-లూక్ గొదార్‌కు ఆయన పత్రిక చిరునామాకు ఉత్తరం రాశారు. మరుసటి ఏడాది వారి పెళ్లి జరిగింది. అదే ఏడాది ఆయన తీసిన "లా షినోయిజ్"లో ఆమెది ముఖ్యపాత్ర. అందులో రైలు పెట్టెలో తత్వవేత్త ఫ్రాన్సిస్ జాన్సోన్‌తో ఆమె వాదించే దీర్ఘ సన్నివేశం ఉంది. జాన్సోన్ నిజజీవితంలో ఆమెకు పాఠాలు చెప్పినవారు. ఆయన తన మాటలు తానే మాట్లాడారు. ఆమె మాత్రం చెవిలో అమర్చిన పరికరం ద్వారా గొదార్ అందిస్తున్న మాటలను పలికారు. తెర మీద విప్లవం గురించి ధీమాగా వాదిస్తున్న ఆ యువతి గొంతులో గొదార్ మాటలున్నాయని తెలిసి చూస్తే ఆ సన్నివేశం వేరుగా కనబడుతుంది. ఇటలీ దర్శకుడు పసోలీని తీసిన "తెయోరెమా" సహా మరికొన్ని సినిమాలు చేశాక, ఎనభైలలో ఆమె క్రమంగా నటనకు దూరమయ్యారు.

తొలి కథాసంపుటి 1988లో వచ్చింది. "కనీన్" నవలకు 1993లో లైసే (ఉన్నత పాఠశాల) విద్యార్థులు ఎంపికచేసే గోంకూర్ సాహిత్య బహుమతి, 1998లో తండ్రి తరఫు రష్యన్ వంశాన్ని తలచుకుంటూ రాసిన నవలకు ఫ్రెంచి అకాడమీ నవలా పురస్కారం లభించాయి. అంటే ప్రసిద్ధ దర్శకుల గురించి రాసి ఆమె రచయిత్రి కాలేదు. రచయిత్రిగా నిలదొక్కుకున్నాకే ఆ జ్ఞాపకాల జోలికి వెళ్లారు. గొదార్‌తో గడిపిన కాలం 2012లో "యూన్ అనే స్టూడియూజ్"గా, 2015లో "అన్ ఆన్ అప్రే"గా వచ్చింది.

రెండో నవలను సినిమాగా తీస్తామంటే ఆమె మొదట కాదన్నారు. పుస్తకంలో తనకు హాస్యం కనిపించిందని దర్శకుడు మిషెల్ హజానవీసియూస్ చెప్పాక ఒప్పుకున్నారు. 2017 మే నెలలో కాన్ ఉత్సవంలో ప్రదర్శించిన ఆ సినిమా ప్రధానంగా గొదార్ చుట్టూనే తిరిగింది. నవలలో మాత్రం చూసేదీ తూచేదీ ఆన్. ఆ ఏడాది అక్టోబర్ 5న ఆమె పారిస్‌లో మరణించారు. హాలీవుడ్ నిర్మాత హార్వీ వైన్‌స్టీన్‌పై నటీమణుల ఆరోపణలను న్యూయార్క్ టైమ్స్ బయటపెట్టింది ఆ రోజే.