గంజాం, కోరాపుట్ పాత కాగితాలు: దొరల కాలం మీద అపోహలు - వాస్తవాలు

బరంపురం, పర్లాకిమిడి, గుణుపురం, రాయగడ వైపు తెలుగు కుటుంబాల దగ్గర పాత పట్టాలు, ఇనాం నకళ్ళు, కోర్టు తీర్పులు ఇంకా ట్రంకు పెట్టెల్లో ఉన్నాయి. వాటిని చదివి చెప్పే పని మాది. ఏ కుటుంబం వచ్చినా, ఏ విద్యార్థి వచ్చినా కొన్ని అపోహలు మాత్రం మారవు. చాలావాటికి మూలం ఒక్కటే: "బ్రిటిషువాళ్ళ కాలం" అని రెండువందల ఏళ్ళనీ ఒకే ముద్దగా చూడటం. ఈ సరిహద్దులో ఏ ఊరి సంగతైనా ముందు తేల్చుకోవాల్సినవి మూడు: ఏ తేదీ, ఏ ప్రభుత్వం, ఏ చట్టం.

అపోహ: ఒడిశా అంతా 1803లో ఒక్కసారే ఇంగ్లీషువాళ్ళ చేతికి వెళ్ళింది.

కటకం, పూరీల మాట అది. 1803లో మరాఠాల నుంచి తీసుకున్న ఆ భాగాన్ని కలకత్తా ఏలింది. గంజాం కథ వేరు. అది ఉత్తర సర్కారుల్లో భాగం. 1765లో మొగలు పాదుషా ఫర్మానాతో, 1766లో నిజాంతో ఒప్పందంతో ఈస్టిండియా కంపెనీకి దఖలుపడి మద్రాసు కిందికి వచ్చింది. అందుకే గంజాం జమీందారీలకు మూలం మద్రాసు వారి 1802 నాటి 25వ రెగ్యులేషన్. బెంగాల్ చట్టాల పుస్తకంలో వెతికితే దొరకదు. సతీసహగమన నిషేధం కూడా అంతే. 1829 నాటి గవర్నర్ జనరల్ బెంటింక్ రెగ్యులేషన్ బెంగాల్‌ది, మనకు వర్తించింది మద్రాసు వారి 1830 నాటి మొదటి రెగ్యులేషన్.

1936 ఏప్రిల్ 1న ఒడిశా ప్రత్యేక రాష్ట్రమయ్యాక రికార్డులు చెల్లాచెదురయ్యాయి. శ్రీకాకుళం, టెక్కలి, ఇచ్ఛాపురం ఊళ్ళ కాగితాలు 1936 దాకా గంజాం జిల్లా పేరు మీద, 1936 నుంచి 1950 దాకా విశాఖపట్నం జిల్లా పేరు మీద, ఆ తర్వాత శ్రీకాకుళం జిల్లా పేరు మీద ఉంటాయి. రాయగడ, గుణుపురం, జయపురం అయితే 1936 దాకా విశాఖపట్నం జిల్లా, తర్వాత కోరాపుట్. రాయగడ, గజపతి జిల్లాలు 1992లో పుట్టాయి. అర్జీలో ఇప్పటి జిల్లా పేరు రాస్తే "రికార్డు లేదు" అనే జవాబు వస్తుంది. రికార్డు ఉంటుంది, అడిగిన పేరే తప్పు. పేర్ల స్పెల్లింగూ చూసుకోవాలి: ఇంగ్లీషు కాగితాల్లో చికాకోల్ అంటే శ్రీకాకుళం, రస్సెల్‌కొండ అంటే నేటి భంజనగర్, గూమ్‌సూర్ అంటే ఘుముసర.

అపోహ: కాగితం మీది ఫసలీ సంవత్సరానికి 590 కలిపితే తేదీ తెలిసిపోతుంది.

సగమే తెలుస్తుంది. ఫసలీ అంటే శిస్తు లెక్కల సంవత్సరం. 590 కలిపితే ఆ ఫసలీ మొదలైన ఇంగ్లీషు సంవత్సరం వస్తుంది. ఫసలీ జులై 1న మొదలై జూన్ 30న ముగుస్తుంది. 1855కు ముందు లెక్క జులై 12 నుంచి. ఫసలీ 1345 తీసుకోండి. అది 1935 జులై నుంచి 1936 జూన్ దాకా. అందులో మొదటి తొమ్మిది నెలలు మద్రాసువి, చివరి మూడు ఒడిశావి. బరంపురం పక్క ఊరి శిస్తు రశీదు మీద ఫసలీ 1345 అని మాత్రమే ఉంటే, అది ఏ ప్రభుత్వానికి కట్టినదో సంతకం కింది తేదీ చూస్తే తప్ప చెప్పలేం.

ఒడియా కాగితాల్లో వచ్చే "అంక" లెక్క ఇంకా చిక్కు. రాజు పట్టాభిషేకం నుంచి సంవత్సరాలు లెక్కపెడతారు కానీ 1ని వదిలేస్తారు, 6తో ముగిసే అంకెలను వదిలేస్తారు, 10ని తప్ప సున్నాతో ముగిసేవాటిని వదిలేస్తారు. కాబట్టి 9వ అంక అంటే తొమ్మిదో ఏడు కాదు, ఏడో ఏడు. 1866 నాటి మహా కరువును ఒడిశాలో "న అంక" కరువు అనేది ఈ లెక్క మీదే. తొమ్మిదో ఏడు అనుకుని వంశవృక్షాలు గీసి రెండేళ్ళు పక్కకు జరిగిపోయినవాళ్ళు చాలామంది ఉన్నారు.

అపోహ: నరబలి ఆపడానికే సైన్యం కొండల్లోకి వెళ్ళింది.

పాఠ్యపుస్తకాలకు బాగా నచ్చిన కథ. వరుస చూడండి. ఘుముసర జమీందారు పేష్కష్ (ప్రభుత్వానికి కట్టాల్సిన కప్పం) బాకీ పడ్డాడు. కంపెనీ ఎస్టేటు జప్తుకు దిగింది. 1835లో ఆ జమీందారు రాజు కొండల్లోకి పారిపోతే అక్కడి కొండజాతి కొంధులు ఆశ్రయమిచ్చారు. సైన్యం ఆయన వెంటపడి పైకెక్కింది. ఆ ఏడాది చివర్లో రాజు చనిపోయాడు, యుద్ధం మాత్రం 1837 దాకా నడిచింది. కొంధుల మెరియా, అంటే నరబలి ఆచారం గురించి అధికారులు వివరంగా రాయడం ఈ దండయాత్రలోనే మొదలైంది. ఈ యుద్ధానికి కమిషనరుగా వచ్చిన జార్జి రస్సెల్ పేరు మీద రస్సెల్‌కొండ వెలిసింది ఈ పని తర్వాతే. బలిని ఆపడానికి పెట్టిన మెరియా ఏజెన్సీకి చట్టం 1845లో వచ్చింది, 1861లో దాన్ని ఎత్తేశారు. బాకీ వసూలు ముందు, సంస్కరణ తర్వాత. ఈ క్రమం తిరగబడితే అర్థమే మారిపోతుంది.

అంటే బలి జరగలేదని కాదు. జరిగింది. తర్వాత మనిషి స్థానంలో దున్నపోతు వచ్చింది. కానీ ఆ నివేదికలు రాసినవాళ్ళకు సిపాయిల ఖర్చును పైవాళ్ళకు సమర్థించుకోవాల్సిన అవసరం ఉంది. మెరియా ఆపితే తర్వాత పన్ను వేస్తారని కొంధులు భయపడినట్టు అధికారులే రాసుకున్నారు. కొంధులను కూడగట్టిన చక్ర బిసోయి తిరుగుబాటు ఏళ్ళ తరబడి సాగడానికి ఈ భయమూ కారణమే. విడిపించిన పిల్లల్లో చాలామందిని బరంపురం, కటకం మిషన్ బళ్ళలో చేర్చారు, ఆడపిల్లలకు పెళ్ళిళ్ళు చేసి పంపారు. వాళ్ళ ఇష్టం ఏమిటో ఆ కాగితాల్లో కనబడదు.

ఇక్కడే ఇంకో మాట. 1839 నాటి 24వ చట్టంతో గంజాం, విశాఖపట్నం కొండ ప్రాంతాలను మామూలు కోర్టుల నుంచి తప్పించి, కలెక్టరునే గవర్నరు ఏజెంటుగా పెట్టారు. సవర, కొంధు ఊళ్ళ తగాదాలను జిల్లా కోర్టు రికార్డులో వెతకడం వృథా. ఏజెంటు దస్త్రాల్లో చూడాలి.

అపోహ: కంపెనీ, మిషనరీలు ఒకే జట్టు.

1813 దాకా కంపెనీ మిషనరీలను సరిగ్గా రానివ్వనే లేదు. బాప్టిస్టు మిషనరీలు కటకం చేరింది 1822లో. అప్పటికి కంపెనీ పూరీ యాత్రికుల దగ్గర పన్ను వసూలు చేస్తోంది: 1806లో మొదలైన ఆ పన్ను 1840 దాకా ఉంది. మద్రాసు వైపు 1817 నాటి 7వ రెగ్యులేషన్‌తో గుళ్ళ మాన్యాల పర్యవేక్షణ రెవెన్యూ బోర్డుదే. "క్రైస్తవ ప్రభుత్వం జగన్నాథుడి పేరు మీద డబ్బు తింటోంది" అన్న ధోరణిలో ధ్వజమెత్తింది మిషనరీలే. 1863 నాటి 20వ చట్టంతో ప్రభుత్వం గుళ్ళను కమిటీలకు వదిలేసింది.

మతం మారితే ఆస్తి పోతుందన్న నమ్మకం కూడా తప్పే. 1850 నాటి 21వ చట్టం ఆ నష్టాన్ని తీసేసింది. అయితే ఆ రక్షణ మారిన మనిషికే. మతం మారాక పుట్టిన పిల్లలకు హిందూ బంధువుల ఆస్తిలో వారసత్వం ఉండదని 1956 నాటి హిందూ వారసత్వ చట్టం 26వ సెక్షన్ చెబుతోంది. పర్లాకిమిడి వైపు పంపకాల్లో తగువు ఇక్కడే రాజుకుంటుంది.

అపోహ: వితంతువులకు పెళ్ళి హక్కు, ఆస్తి హక్కు దొరలే ఇచ్చారు.

అన్నిటికంటే గట్టిగా పాతుకుపోయిన అపోహ ఇది. 1856 నాటి 15వ చట్టం వితంతు వివాహాన్ని చెల్లుబాటు చేసింది, నిజం. కానీ మన వైపు చాలా కులాల్లో మారుమనువు అప్పటికే మామూలు. ఆ కులాల ఆడవాళ్ళకు కొత్తగా వచ్చిందేమీ లేదు, పోయింది మాత్రం ఉంది. 1983లో రద్దయిన ఆ చట్టం 2వ సెక్షన్ ప్రకారం మళ్ళీ పెళ్ళాడిన వితంతువు మొదటి భర్త ఆస్తి మీద హక్కు, మనోవర్తి రెండూ కోల్పోయేది, ఆమె చనిపోయినట్టే లెక్క. మారుమనువు ఆచారమున్న కులంలోనైనా ఆస్తి పోతుందని మద్రాసు హైకోర్టు 1877లో తేల్చింది. అలహాబాదు హైకోర్టు దీనికి ఎదురు తీర్పులిచ్చింది. అగ్రవర్ణాల సమస్యకు రాసిన చట్టం కింది కులాల స్త్రీ భూమిని తినేసిందన్నమాట. 1881లో రాజమండ్రిలో వీరేశలింగం చేయించిన పెళ్ళి గొప్పతనాన్ని ఇది తగ్గించదు. ఆ పెళ్ళి ఏ కులాల మధ్య విప్లవమో గుర్తుంచుకుంటే చాలు.

తర్వాతి మెట్టు 1937 నాటి హిందూ స్త్రీల ఆస్తి హక్కు చట్టం. వితంతువుకు భర్త వాటా ఇచ్చింది, జీవితకాలం అనుభవించడానికి మాత్రమే. అందులోనూ వ్యవసాయ భూమికి అది వర్తించదని 1941లో ఫెడరల్ కోర్టు చెప్పింది. పొలానికి కూడా విస్తరిస్తూ ఒడిశా 1944లో, మద్రాసు 1947లో చట్టాలు చేశాయి. సరిహద్దుకు ఇటు బరంపురంలో, అటు ఇచ్ఛాపురంలో ఒకే ఏడాది భర్తలు పోయిన ఇద్దరు అక్కచెల్లెళ్ళకు పొలం మీద వేర్వేరు హక్కులుండవచ్చు. అందుకని భర్త మరణ తేదీ, పొలం ఉన్న ఊరు, ఆమె స్వాధీనంలో ఉన్నట్టు చూపే శిస్తు రశీదులు, ఈ మూడూ సేకరించాకే వకీలు దగ్గరకు వెళ్ళండి. 1956 చట్టం 14వ సెక్షన్ స్త్రీ స్వాధీనంలో ఉన్న ఆస్తి మీది పరిమిత హక్కును పూర్తి హక్కుగా మార్చింది కనుక స్వాధీనం చూపే కాగితాలు లేకుండా వెళ్తే వాదం బలహీనపడుతుంది.

అపోహ: జనాభా లెక్కల్లో రాసిందే మా అసలు కులం, అసలు భాష.

1901 లెక్కల్లో కులాలకు పైకిందుల వరుసలు కట్టారు. దాంతో పేర్లు మార్చమని అర్జీలు వెల్లువెత్తాయి. ఒకే కుటుంబం రెండు లెక్కల్లో రెండు పేర్లతో కనిపిస్తే కంగారు పడక్కర్లేదు. భాష గడి అయితే 1931లో రాజకీయమే: ఎవరు తెలుగు, ఎవరు ఒడియా అన్నదాని మీద సరిహద్దు ఆధారపడింది. ఆ సరిహద్దు తేల్చడానికి వేసిన ఓడొనెల్ కమిటీ పర్లాకిమిడిని ఒడిశాలో చేర్చమనలేదు. చివరికి పట్టణం, కొంత భాగం చేరాయి. ఎస్టేటు మిగతాది మద్రాసులో ఉండిపోయింది. జమీందారీ రద్దు కూడా అందుకే రెండు చట్టాల కింద జరిగింది: అటు 1948 నాటి మద్రాసు చట్టం, ఇటు 1951 నాటి ఒడిశా చట్టం.

అపోహ: దేవదాసీల మాన్యాలన్నీ 1947లో పోయాయి.

రెండు చట్టాలను కలిపేసుకోవడం వల్ల వచ్చిన పొరపాటు ఇది. 1929లో మద్రాసు హిందూ దేవాదాయ చట్టాన్ని సవరించి, గుడి సేవ చేయాలన్న షరతును మాన్యం నుంచి తీసేశారు. భూమిని ఆమె పేరున ఉంచారు. అప్పటికి గంజాం మద్రాసులోనే ఉంది కనుక ఇక్కడి మాన్యాలకూ అది వర్తించింది. గజ్జె కట్టి దేవదాసిగా గుడికి అంకితమివ్వడాన్నే నిషేధించిన 1947 చట్టం మద్రాసుది. బరంపురం అప్పటికి పదకొండేళ్ళుగా ఒడిశాలో ఉంది కనుక ఇక్కడికి రాలేదు.

అమ్మమ్మ మాన్యం ఏమైందని వెతికేవాళ్ళు మాన్యాల హక్కులు తేల్చడానికి 1858లో మొదలైన ఇనాం కమిషన్ రిజిస్టరు నుంచి మొదలుపెట్టాలి. అందులో భూమి విస్తీర్ణం, ఎవరిచ్చారు, ఏ సేవకు, అప్పుడు ఎవరి అనుభవంలో ఉంది అన్న గడులుంటాయి. టైటిల్ డీడ్ నంబరు రాసుకుని, 1929 తర్వాత కాగితాల్లో ఆ నంబరునే పట్టుకుని పోవాలి. సర్వే నంబర్లు మారిపోతాయి, ఈ నంబరు మారదు. "గుడి భూమి" అని ఇప్పటి రికార్డులో ఉందని ఆశ వదులుకోకండి. ముందు ఆ సేవ గడిలో రాసింది గుడి పేరా, మనిషి పేరా చూడండి.